టెక్ సందేహాలు: గేమ్ ఉంది, ఆడిన ఆట ఏమైంది?

విండోస్ 10కు మైక్రోసాఫ్ట్ సాధారణ మద్దతు 2025 అక్టోబర్ 14తో ముగిసింది. దాంతో పాత సిస్టమ్‌ను ఫార్మాట్ చేయించి విండోస్ 11 వేయించుకున్నవారు, ఏకంగా కొత్త ల్యాప్‌టాప్ కొనుక్కున్నవారు ఉన్నారు. వారు అడిగిన వాటిలో ఒకే అంశానికి చెందిన సందేహాలను ఈ వారం తీసుకున్నాను. కంప్యూటర్ గేముల్లో నెలల తరబడి ఆడి సంపాదించుకున్నది ఎక్కడ ఉంటుంది, దాన్ని ఎలా దాచుకోవాలి, మరో సిస్టమ్‌కు ఎలా తీసుకెళ్లాలి అన్నదే ఆ అంశం.

నా గేములన్నీ డి డ్రైవ్‌లోనే ఉంటాయి. షాపులో సి డ్రైవ్ ఒక్కటే ఫార్మాట్ చేయమన్నాను, వాళ్లూ అలాగే చేశారు. వైస్ సిటీ, జీటీఏ 5 రెండూ తెరుచుకుంటున్నాయి కానీ ఆట మొదటి నుంచి మొదలవుతోంది. డి డ్రైవ్‌ను ముట్టుకోనప్పుడు సేవ్‌లు ఎలా పోయాయి? — ఇంజినీరింగ్ విద్యార్థి, వరంగల్

డి డ్రైవ్‌లో ఉన్నది గేమ్ మాత్రమే, మీరు ఆడిన ఆట అక్కడ లేదు. గేమ్‌ను ఏ డ్రైవ్‌లో ఇన్‌స్టాల్ చేసినా, సేవ్ ఫైళ్లను మాత్రం చాలా గేములు సి డ్రైవ్‌లో మీ విండోస్ అకౌంట్ పేరుతో ఉన్న ఫోల్డర్‌లోనే రాస్తాయి. ఒకే సిస్టమ్‌ను అన్నాచెల్లెళ్లు వేర్వేరు అకౌంట్లతో వాడుకుంటుంటే ఒకరి ఆట మరొకరి ఆటతో కలిసిపోకుండా ఉండడానికే ఈ ఏర్పాటు. వైస్ సిటీనే తీసుకుంటే, డాక్యుమెంట్స్‌లో ‘జీటీఏ వైస్ సిటీ యూజర్ ఫైల్స్’ అనే ఫోల్డర్ ఉంటుంది. అందులో ‘జీటీఏవీసీఎస్ఎఫ్’ అనే అక్షరాల పక్కన 1 నుంచి 8 వరకు అంకెలున్న ఫైళ్లే గేమ్‌లో మీకు కనిపించే ఎనిమిది స్లాట్లు. ఓషన్ వ్యూ హోటల్లో క్యాసెట్ గుర్తు మీదికి వెళ్లి సేవ్ చేసిన ప్రతిసారీ మీరు ఎంచుకున్న స్లాట్ ఫైల్‌ను గేమ్ తిరగరాస్తుంది. ఒక్కో ఫైల్ సుమారు 200 కేబీ ఉంటుంది, కాబట్టి ఎనిమిదీ నిండినా రెండు ఎంబీకి చేరవు. జీటీఏ 5 సేవ్‌లు కూడా డాక్యుమెంట్స్‌లోనే, ‘రాక్‌స్టార్ గేమ్స్’ ఫోల్డర్ లోపల ‘ప్రొఫైల్స్’లో ఉంటాయి. పదుల జీబీల గేమ్‌ను ఎప్పుడైనా మళ్లీ డౌన్‌లోడ్ చేసుకోవచ్చు. ఈ చిన్న ఫైళ్లు పోతే ఆ ఆటను మళ్లీ ఆడడం తప్ప మార్గం ఉండదు. అయినా ఫార్మాట్ చేయించే ముందు అందరూ జాగ్రత్తపడేది పెద్ద ఫైళ్ల గురించే.

పోయినవి దొరికే అవకాశం ఉందేమో వరుసగా చూడండి. ముందుగా షాపువాళ్లను అడగండి, ఎందుకంటే ఫార్మాట్‌కు ముందు డెస్క్‌టాప్, డాక్యుమెంట్స్, డౌన్‌లోడ్స్ ఫోల్డర్లను వేరే డిస్క్‌లోకి కాపీ చేసి పెట్టడం చాలా షాపుల్లో అలవాటు. మీ రెండు గేములూ డాక్యుమెంట్స్‌లోనే సేవ్ చేస్తాయి కాబట్టి మీకు ఇదే పెద్ద ఆశ. తర్వాత సి డ్రైవ్‌లో ‘విండోస్ డాట్ ఓల్డ్’ అనే ఫోల్డర్ ఉందేమో చూడండి. డ్రైవ్‌ను నిజంగా ఫార్మాట్ చేయకుండా పాత విండోస్ మీదే కొత్తది వేసి ఉంటే, మీ పాత అకౌంట్ ఫోల్డర్ మొత్తం అందులోని ‘యూజర్స్’లో దొరుకుతుంది. విండోస్ ఆ ఫోల్డర్‌ను కొన్ని రోజుల్లో తనంతట తాను తొలగిస్తుంది, కాబట్టి ఆలస్యం చేయకండి. జీటీఏ 5 విషయంలో, రాక్‌స్టార్ లాంచర్‌లో, సేవ్‌లను ఇంటర్నెట్‌లో దాచే క్లౌడ్ సేవ్ సదుపాయాన్ని మీరు ఇదివరకే ఆన్ చేసి ఉన్నారేమో కూడా చూసుకోండి. ఇవేవీ ఫలించకపోతే మిగిలేది రికవరీ సాఫ్ట్‌వేర్. సి డ్రైవ్ పాత హార్డ్ డిస్క్ అయితే దాని మీద ఇక ఏమీ రాయకుండా, ఆ సాఫ్ట్‌వేర్‌ను పెన్‌డ్రైవ్ నుంచి నడిపి ప్రయత్నించవచ్చు. అదే ఎస్ఎస్‌డీ అయితే ఆశ పెట్టుకోవద్దనే చెబుతాను. చెరిపేసిన భాగాలను ‘ట్రిమ్’ అనే ప్రక్రియ ద్వారా అది లోలోపలే ఖాళీ చేసేస్తుంది.

ఇకముందు ఫార్మాట్ చేయించే రోజు వస్తే, డాక్యుమెంట్స్ ఒక్కటే కాపీ చేస్తే సరిపోదని గుర్తుంచుకోండి. స్కైరిమ్ డాక్యుమెంట్స్‌లోని ‘మై గేమ్స్’లో, విచర్ 3 అదే డాక్యుమెంట్స్‌లో తన పేరుతో ఉన్న ఫోల్డర్‌లో సేవ్ చేస్తాయి. సైబర్‌పంక్ 2077 అయితే యూజర్ ఫోల్డర్‌లోని ‘సేవ్డ్ గేమ్స్’లో రాస్తుంది. స్టార్‌డ్యూ వ్యాలీ, ఎల్డెన్ రింగ్, హాలో నైట్ లాంటివి ‘యాప్‌డేటా’ అనే ఫోల్డర్‌లో సేవ్ చేస్తాయి. విండోస్ దాన్ని దాచి ఉంచుతుంది కాబట్టి షాపువాళ్ల కాపీలో అది చాలాసార్లు తప్పిపోతుంది. దాన్ని తెరవడానికి విండోస్ మీటను, ఆర్ మీటను కలిపి నొక్కి, వచ్చిన రన్ పెట్టెలో యాప్‌డేటా అనే మాటను ఇంగ్లీషులో, ఖాళీ లేకుండా, ముందొకటి వెనకొకటి శాతం గుర్తుతో టైప్ చేసి ఎంటర్ కొట్టండి. తెరుచుకునేది దానిలోని ‘రోమింగ్’ ఫోల్డర్. ఒక మెట్టు పైకి వెళితే ‘లోకల్’ (Local), ‘లోకల్‌లో’ (LocalLow) అనే మరో రెండు కనిపిస్తాయి. గేములు తయారు చేసే సాఫ్ట్‌వేర్లలో యూనిటీ ఇంజిన్‌తో చేసిన గేములు సాధారణంగా ‘లోకల్‌లో’ (LocalLow) ఫోల్డర్‌లో, అన్‌రియల్ ఇంజిన్‌తో చేసినవి చాలావరకు ‘లోకల్’ (Local) ఫోల్డర్‌లో సేవ్ చేస్తాయి. వీటికి తోడు, గేములు కొని ఆడుకునే స్టీమ్ సాఫ్ట్‌వేర్ ఇన్‌స్టాల్ అయిన చోట ‘యూజర్‌డేటా’ అనే ఫోల్డర్ కూడా ఉంటుంది. ఏ గేమ్ ఎక్కడ సేవ్ చేస్తుందో పీసీగేమింగ్‌వికీ అనే వెబ్‌సైట్‌లో గేమ్ పేరుతో వెతికితే తెలుస్తుంది. అక్కడ లేకపోతే గేమ్‌లో ఒకసారి సేవ్ చేసి బయటికొచ్చి, అనుమానమున్న ఫోల్డర్‌లోని ఫైళ్లను మార్పు జరిగిన తేదీ ప్రకారం పేర్చి చూడండి. నిమిషం కిందటి సమయంతో పైన కనిపించేదే మీకు కావలసిన ఫైల్.

పాత డెస్క్‌టాప్ నుంచి కొత్త ల్యాప్‌టాప్‌కు సేవ్‌లను పెన్‌డ్రైవ్‌లో తెచ్చుకున్నాను. స్కైరిమ్ సేవ్‌లు సరైన చోటే పెట్టినా గేమ్‌కు కనిపించడం లేదు. మా తమ్ముడి స్టీమ్ అకౌంట్‌లో ఆడిన ఎల్డెన్ రింగ్ సేవ్‌ను నా అకౌంట్‌లో పెడితే తెరుచుకోవడం లేదు. — సాఫ్ట్‌వేర్ ఉద్యోగి, హైదరాబాద్

స్కైరిమ్ విషయంలో నా అనుమానం, ఫైళ్లను ఇంటర్నెట్‌లో దాచే మైక్రోసాఫ్ట్ సదుపాయం వన్‌డ్రైవ్ మీద. విండోస్ 11తో వచ్చే కొత్త ల్యాప్‌టాప్‌లను మొదటిసారి సిద్ధం చేసేటప్పుడు అడిగినదానికల్లా సరే అంటూ పోతే, డాక్యుమెంట్స్ ఫోల్డర్ మనకు తెలియకుండానే వన్‌డ్రైవ్ లోపలికి మారిపోతుంటుంది. అప్పుడు మీ యూజర్ ఫోల్డర్‌లో ఒక డాక్యుమెంట్స్, వన్‌డ్రైవ్‌లో మరో డాక్యుమెంట్స్ ఉండవచ్చు. మీరు మొదటిదానిలో పెడితే గేమ్ రెండోదానిలో వెతుకుతుంది. ఫైల్ ఎక్స్‌ప్లోరర్ ఎడమవైపు పట్టీలోని డాక్యుమెంట్స్‌పై రైట్ క్లిక్ చేసి ప్రాపర్టీస్ తెరిస్తే విండోస్ నిజంగా వాడుతున్న చిరునామా కనిపిస్తుంది, సేవ్‌లు అక్కడే పెట్టండి. ఉచిత వన్‌డ్రైవ్‌లో 5 జీబీ మాత్రమే ఉంటుందని, ఫొటోలతో అది నిండిపోతే సేవ్‌లు క్లౌడ్‌లోకి వెళ్లడం కూడా ఆగిపోతుందని గమనించండి.

సేవ్‌లను మార్చేటప్పుడు ఒక క్రమం పాటిస్తే చిక్కులు చాలావరకు తప్పుతాయి. కొత్త సిస్టమ్‌లో గేమ్‌ను ఒకసారి తెరిచి, కొత్త ఆట మొదలుపెట్టి, సేవ్ చేసి, పూర్తిగా మూసేయండి. అవసరమైన ఫోల్డర్లన్నింటినీ గేమే సరైన పేర్లతో తయారు చేసుకుంటుంది. తర్వాత స్టీమ్ లైబ్రరీలో ఆ గేమ్ ప్రాపర్టీస్‌కు వెళ్లి సేవ్‌లను ఇంటర్నెట్‌లో ఉంచే స్టీమ్ క్లౌడ్‌ను తాత్కాలికంగా ఆపి, పాత ఫైళ్లను కాపీ చేసి, గేమ్‌లో మీ పాత ఆట తెరుచుకుందని కళ్లారా చూసుకున్నాకే క్లౌడ్‌ను మళ్లీ ఆన్ చేయండి. ఈ సిస్టమ్‌లోని సేవ్‌కు, క్లౌడ్‌లోని సేవ్‌కు పొంతన కుదరనప్పుడు ఏది ఉంచాలో స్టీమ్ మిమ్మల్నే అడుగుతుంది. రెండింటి తేదీ, సమయం అందులోనే చూపిస్తుంది. ఆ క్షణంలో తొందరపడి తప్పుదాన్ని నొక్కితే రెండో ప్రతి చెరిగిపోతుంది కాబట్టి, పెన్‌డ్రైవ్‌లోని కాపీని అంతా సవ్యంగా ఉందని తేలేదాకా చెరపకండి.

ఎల్డెన్ రింగ్ సంగతి వేరు. రోమింగ్‌లోని ఎల్డెన్ రింగ్ ఫోల్డర్‌లో 17 అంకెల పేరుతో మరో ఫోల్డర్ ఉంటుంది. అది ఆడినవారి స్టీమ్ గుర్తింపు సంఖ్య. అదే సంఖ్య సేవ్ ఫైల్ లోపల కూడా రాసి ఉంటుంది. అందుకే ఫోల్డర్ పేరు మార్చినంత మాత్రాన మీ తమ్ముడి సేవ్ మీది కాదు. ఆ సంఖ్యను మార్చే టూల్స్ ఇంటర్నెట్‌లో ఉన్నా, ఆన్‌లైన్‌లో ఇతరులతో కలిసి ఆడే గేమ్‌లో వాటిని వాడమని నేను చెప్పను. స్టీమ్ ఫ్యామిలీలో చేరి ఒకరి గేమ్‌ను మరొకరు ఆడుకున్నా ఎవరి సేవ్‌లు వారివే.

స్టీమ్ క్లౌడ్ ఉండగా మళ్లీ బ్యాకప్ ఎందుకు? — డిగ్రీ విద్యార్థి, గుంటూరు

స్టీమ్ క్లౌడ్ 2008లో వచ్చింది, మంచి సదుపాయమే. కానీ అది మీ సిస్టమ్‌లో ఉన్నదాన్ని ఉన్నట్టుగా క్లౌడ్‌లోనూ ఉంచుతుంది. అంటే కరెంటు పోయి సేవ్ ఫైల్ పాడైతే పాడైన ఫైల్, తమ్ముడు మీ స్లాట్‌లో కొత్త ఆట మొదలుపెడితే ఆ కొత్త ఆట క్లౌడ్‌లోకి చేరతాయి. మొన్నటి ప్రతి కావాలంటే అక్కడ దొరకదు. పైగా క్లౌడ్‌ను వాడాలా వద్దా అన్నది గేమ్ తయారీదారుల ఇష్టం, స్టీమ్‌లో ఉన్న ప్రతి గేమ్‌కూ అది ఉండదు. స్టోర్‌లో గేమ్ పేజీ కుడివైపు ‘స్టీమ్ క్లౌడ్’ అని ఉందో లేదో కొనే ముందే చూసుకోండి.

బ్యాకప్ అంటే పాత ప్రతి చెరగకుండా తేదీ వేసి విడిగా దాచుకున్నది. నెలకొకసారి సేవ్ ఫోల్డర్‌ను జిప్ చేసి, పేరులో తేదీ పెట్టి, ఒక ప్రతిని పెన్‌డ్రైవ్‌లో, ఒక ప్రతిని గూగుల్ డ్రైవ్‌లో ఉంచితే చాలు. గేములు ఎక్కువగా ఉన్నవారికి లుడుసావి అనే ఉచిత ఓపెన్ సోర్స్ సాఫ్ట్‌వేర్‌ను మనసారా సిఫార్సు చేస్తాను. పీసీగేమింగ్‌వికీ సమాచారం ఆధారంగా మీ సిస్టమ్‌లోని సేవ్‌లన్నింటినీ అదే వెతికి, మీరు చూపిన ఫోల్డర్‌లోకి కాపీ చేస్తుంది, కొత్త సిస్టమ్‌లో తిరిగి వాటి చోట పెడుతుంది.

మా బాబు మైన్‌క్రాఫ్ట్‌లో కట్టుకున్న ఊరిని డాలస్‌లో ఉన్న మా అక్కగారి అబ్బాయికి పంపాలట. అలా కుదురుతుందా? — గృహిణి, విశాఖపట్నం

నిక్షేపంగా కుదురుతుందండీ. బాబు ఆడేది జావా ఎడిషన్ అయితే, పైన చెప్పిన రోమింగ్ ఫోల్డర్‌లో పేరుకు ముందు చుక్క ఉన్న మైన్‌క్రాఫ్ట్ ఫోల్డర్ తెరిచి ‘సేవ్స్’లోకి వెళ్లండి. ఒక్కో ప్రపంచానికి ఒక్కో ఫోల్డర్ కనిపిస్తుంది. దాని లోపలి ఫైళ్లను విడివిడిగా తీయకుండా ఫోల్డర్ మొత్తాన్ని జిప్ చేసి పంపండి. అక్కడ ఆ అబ్బాయి దాన్ని విప్పి తన సిస్టమ్‌లోని సేవ్స్‌లో పెట్టుకోవాలి. ఇద్దరి దగ్గరా ఒకే వెర్షన్ ఉండేలా చూసుకోమనండి, ఎందుకంటే కొత్త వెర్షన్‌లో కట్టినదాన్ని పాత వెర్షన్‌లో తెరిస్తే కట్టడాలు పాడయ్యే ప్రమాదం ఉంది. బెడ్‌రాక్ ఎడిషన్ అయితే ఇంకా తేలిక. ఆ ప్రపంచం సెట్టింగ్స్‌లో ‘ఎక్స్‌పోర్ట్’ నొక్కితే ఒకే ఫైల్ వస్తుంది. పంపేది కాపీ మాత్రమే కాబట్టి బాబు ఊరు బాబు దగ్గరే ఉంటుంది.

వాలరెంట్ సేవ్ ఫైల్ ఎక్కడుంది? గేమ్ పాస్‌లో ఆడిన గేమ్‌ను స్టీమ్‌లో కొంటే పాత సేవ్ పనికొస్తుందా? — ఇంటర్ విద్యార్థి, కరీంనగర్

వాలరెంట్‌లో మీ ర్యాంకు, స్కిన్లు అన్నీ దాని తయారీ సంస్థ రయట్ సర్వర్లలో ఉంటాయి, మీ సిస్టమ్‌లో దాచుకోవడానికి ఏమీ లేదు. కొత్త సిస్టమ్‌లో అదే అకౌంట్‌తో లాగిన్ అయితే చాలు. అందుకని మీరు కాపాడుకోవలసింది ఆ అకౌంట్‌కు ఇచ్చిన ఈమెయిల్‌ను, పాస్‌వర్డ్‌ను.

చందా కట్టి ఆడుకునే మైక్రోసాఫ్ట్ గేమ్ పాస్‌లోని సేవ్‌లు ‘లోకల్’ (Local) ఫోల్డర్ లోపలి ‘ప్యాకేజెస్’ ఫోల్డర్‌లో అర్థంకాని పొడవాటి పేర్లతో ఉంటాయి. చాలా గేముల్లో వాటిని తెచ్చి స్టీమ్ ఫోల్డర్‌లో పెట్టినంత మాత్రాన పనిచేయవు. కొన్ని గేములకు తయారీదారుల సొంత అకౌంట్ ద్వారా ఒకచోటి ఆటను మరోచోట కొనసాగించే సదుపాయం ఉంటుంది. కొనే ముందు మీ గేమ్‌కు అది ఉందో లేదో చూసుకోండి, సభ్యత్వం గడువు ముగియకముందే గేమ్ లోపలి నుంచి ఆ అకౌంట్‌ను కలపండి.