అన్నయ్యను లెక్క అడిగారా?

ఉత్తరం: విదేశంలో ఉన్న మా దేశస్తుల బాగోగులు చూసే అధికారిగా, అంటే కాన్సుల్‌గా, పనిచేస్తున్నాను. వయసు 46. ఏడాదిగా మంచంలో ఉన్న నాన్న పోయారని అన్నయ్య ఫోన్ చేసిన రాత్రే, ఇక్కడ మా దేశస్తులున్న బస్సు ప్రమాదానికి గురైంది. నేను వెళ్లలేకపోయాను. ఉద్యోగ ధర్మంలో నాకు ఆదర్శం యూదులను కాపాడిన జపాన్ వైస్ కాన్సుల్ సుగిహారా. అంత్యక్రియలన్నీ అన్నయ్యే చేశాడు. సగం ఖర్చు నాది, లెక్క పంపమని మెసేజ్ పెడితే జవాబివ్వలేదు. అప్పట్నుంచి ఫోన్ చేస్తే ‘బాగున్నాం’ అని అమ్మకు ఇచ్చేస్తున్నాడు. అమ్మకోసం ఉద్యోగం మానేయాలా? లేక హెడ్‌క్వార్టర్స్‌కి బదిలీ అడగాలా?

జవాబు: రెండూ ఇప్పుడు వద్దు. బదిలీ మీ సర్వీసులో మామూలే. కొన్నేళ్లకో దేశం తిరిగేవాళ్లు మధ్యలో సొంత దేశంలో కొంతకాలం పనిచేయక తప్పదు, ఆ వంతు ఎలాగూ వస్తుంది. ఇక రాజీనామా అంటారా, నాన్నగారిని చివరిచూపు చూడలేకపోయానన్న బాధను ఉద్యోగం మీద తీర్చుకోవడమే అది. అమ్మగారికి దానివల్ల ఒరిగేదేమీ లేదు.

మీ ఉత్తరం రెండుసార్లు చదివాను. నాన్నగారి గురించి బాధ ఉంది, అమ్మగారి గురించి దిగులు ఉంది. అన్నయ్య మాట వచ్చిన చోటల్లా ఫిర్యాదే. వదిన గురించి ఒక్క ముక్క లేదు. నాన్నగారు మంచంలో ఉన్న ఏడాదిలో రాత్రిళ్లు లేచింది ఎవరండీ?

పరాయి దేశంలో మనవాళ్లెవరైనా పోతే ఏం జరుగుతుందో నాకంటే మీకే బాగా తెలుసు. తమ గడ్డ మీద విదేశీయుడు చనిపోయినట్టు తెలిస్తే ఆలస్యం చేయకుండా కాన్సులేట్‌కి చెప్పాలని 1963 నాటి వియన్నా ఒప్పందం 37వ అధికరణం అంటుంది. ఆ కబురు వచ్చిన దగ్గర్నుంచి మీ పని మొదలు. డెత్ సర్టిఫికెట్, పోలీసు క్లియరెన్స్, శరీరం పాడవకుండా మందు పెట్టిన ఎంబామింగ్ కాగితం, పాస్‌పోర్ట్ రద్దు, మీ ఆఫీసు ఇచ్చే నిరభ్యంతర పత్రం (ఎన్‌ఓసీ), విమానంలో కార్గో బుకింగ్. ఒక్క కాగితం తగ్గినా శవపేటిక కదలదు. అయినా అవతలి కుటుంబానికి ఫోన్ చేసినప్పుడు ముందు కాగితాల గురించి అడగరు కదా? ‘ఇంట్లో పక్కన ఎవరైనా ఉన్నారా అమ్మా’ అంటారు. వాళ్లు ఏడుస్తుంటే ఆగుతారు. ముక్కూమొహం తెలియనివాళ్ల దగ్గర అంత మర్యాద తెలిసిన మనిషి, సొంత అన్న దగ్గర మాత్రం ముందు లెక్క అడిగారు.

మీ ఉద్దేశం మంచిదే, కాదనను. ప్రభుత్వ డబ్బు ఖర్చుపెట్టేవాళ్లకు పైసాపైసాకీ వోచర్ ఉండాలి, ఆ అలవాటు ఇంటిదాకా వచ్చేసింది. కానీ తండ్రిని సాగనంపిన ఖర్చును తమ్ముడి ముందు చిట్టా రాసి పెట్టే అన్న ఎవరుంటారు? అక్కడే ఆయన మనసు విరిగింది. మీరు రాలేదన్న కోపం ఆయనకు ఉందని నేననుకోను. ఉంటే ఆ రోజే అరిచేవాడు.

1940లో లిథువేనియాలోని కౌనాస్‌లో నాజీల నుంచి తప్పించుకోవాలనుకున్న వేలమంది యూదులకు చేత్తో వీసాలు రాసిచ్చిన జపాన్ వైస్ కాన్సుల్ సుగిహారా మీకు ఆదర్శమని రాశారు. గొప్ప మనిషి, సందేహం లేదు. కానీ ఆయన పైవాళ్లు వద్దన్న పని చేశాడు, మీరు చేసింది పైవాళ్లు చెప్పిన పని. ఆయనకు 1947లో ఉద్యోగం కూడా పోయింది. పైగా ఆ నిర్ణయం తీసుకునే ముందు భార్య యుకికోతో మాట్లాడాడు. ఇంటివాళ్లను పక్కన పెట్టి చేసిన త్యాగం కాదది. ఆ రాత్రి మీరు క్షతగాత్రుల దగ్గర ఉండిపోవడం తప్పని నేననను. నాకు ఉద్యోగ ధర్మం అంటే గౌరవం. దాన్ని అన్నయ్య ముందు కవచంలా తొడుక్కోవడమే నచ్చలేదు.

సెలవు పెట్టి వెళ్లండి. హోటల్లో దిగకండి, అన్నయ్య ఇంట్లోనే ఉండండి. ముందు వదినకు ఫోన్ చేసి వస్తున్నానని చెప్పండి. డబ్బు మాట ఎత్తకండి, కవరు కూడా వద్దు. ఆ మెసేజ్ సంగతి మాత్రం మీరే ఎత్తాలి. ‘అన్నయ్యా, నేనలా అడగాల్సింది కాదు’ అంటే చాలు. బస్సు ప్రమాదం వివరాలు మళ్లీ మొదలుపెట్టకండి, ఆయనకు తెలుసు. ఆయన నాలుగు మాటలన్నా పడండి. జైల్లో ఉన్న మనవాణ్ణి చూడటానికి పరాయి దేశపు అధికారి గది బయట గంటలు కూర్చుంటారు కదా, ఆ ఓపికలో కొంచెం ఇంటికి తీసుకెళ్లండి. వదినగారికి చెప్పాల్సింది వేరే ఉంది. అది అన్నయ్య లేనప్పుడు కాదు, ఆయన ఎదుటే చెప్పండి.

బదిలీ దరఖాస్తు ఆ తర్వాత. అమ్మగారు ఎవరి దగ్గర ఉండాలన్నది మీరు అక్కడ కూర్చుని తేల్చి ఇక్కడికి పంపే ఆర్డరు కాదు. ముందు ఆవిడను అడగండి, ఆ వెంటనే అన్నావదినల్ని అడగండి. ‘మేం చూసుకుంటాం, నువ్వు నీ ఉద్యోగం చేసుకో’ అని వాళ్లంటే, ఆ మాటకు నొచ్చుకోకుండా విమానం ఎక్కండి.