సైడెల్ చేతిలో ఉలి ఏమైంది?

చిరంజీవికి ఆశీస్సులు.

అమెరికాలోని మిల్వాకీ నగరానికి సోషలిస్టు మేయర్‌గా పనిచేసిన ఎమిల్ సైడెల్ మీద నీవు పంపిన వ్యాసం రెండుసార్లు చదివాను. శ్రద్ధగా రాశావు. కానీ మూడో పేరాలో "ఒక సామాన్య చెక్కపనివాడు మిల్వాకీ నగర పీఠమెక్కాడు" అన్న వాక్యం దగ్గర నాకు కోపం వచ్చింది. ఆ తరువాత నీ పదకొండు పేజీల్లో ఉలి మళ్లీ కనిపించలేదు. కవి కార్ల్ శాండ్‌బర్గ్ అతనికి కార్యదర్శిగా పనిచేసిన సంగతికి ఒకటిన్నర పేజీ ఇచ్చావు.

పదమూడో ఏట బడి మానేసి కొయ్యచెక్కడం నేర్చుకొని, బెర్లిన్‌లో ఆరేళ్లు అదే పని చేస్తూ సోషలిస్టుగా మారి తిరిగి వచ్చినవాడు సైడెల్. మిల్వాకీలో అతడు ఫౌండ్రీలో, అంటే లోహం కరిగించి పోతపోసే కార్ఖానాలో, పోతకు కావలసిన కొయ్య నమూనాలు, ప్యాటర్న్‌లు, చేశాడు. ఆ ప్యాటర్న్‌ను ఇసుకలో దట్టించి, పైకి తీసి, ఆ గుంటలో కరిగిన ఇనుము పోస్తారు. చల్లారేటప్పుడు పోత ఇనుము ఒక్కో అడుగు పొడవుకు సుమారు అంగుళంలో ఎనిమిదో వంతు కుదించుకుపోతుంది కనుక, కొయ్యను ఆ మేరకు పెద్దదిగా చెక్కాలి. తీసేటప్పుడు ఇసుక విరగకుండా పక్కలను రవ్వంత వాలుగా మలచాలి. ఎంత తరుగుతుందో ముందే లెక్కగట్టి చెక్కే ఈ అలవాటు అతని రాజకీయంలో కూడా ఉందని నా గట్టి నమ్మకం. 1902లో మిల్వాకీ ఉన్న విస్కాన్సిన్ రాష్ట్రానికి గవర్నర్ పదవికి పోటీ చేసి ఓడి, 1904లో నగర కౌన్సిల్‌లో ఒక్క వార్డు సభ్యుడిగా మొదలుపెట్టి, 1910లో మేయరై, 35 మంది ఆల్డర్‌మన్లలో (కౌన్సిల్ సభ్యుల్లో) 21 మంది తన పార్టీవారే ఉన్న కౌన్సిల్‌ను నడిపిన మనిషిని అదృష్టవంతుడిగా చూపడం అన్యాయం.

"హామీలు నిలుపుకోలేకపోయాడు" అన్న నీ తీర్పు కూడా తొందరపాటే. మిల్వాకీ ఏం చేయవచ్చో, ఏం చేయకూడదో తేల్చేది రాష్ట్ర రాజధాని మాడిసన్‌లోని శాసనసభ. అందుకే 1911 నాటికి ఆ వంద మంది సభలో సోషలిస్టులు 12 మంది ఉండటం నీ కథకు ప్రాణం. ఆ ఏళ్లలో చుట్టలు చుట్టే ఫ్రెడరిక్ బ్రాక్‌హౌసెన్, ఓడల వడ్రంగి ఫ్రాంక్ వెబర్ అక్కడ కూర్చున్నారు. కార్మిక పరిహార చట్టం 1911లో రావడం వెనుక బ్రాక్‌హౌసెన్ పట్టుదల ఉంది. వీరి పేర్లే నీ వ్యాసంలో లేవు. 1912 మేయర్ ఎన్నికలో రిపబ్లికన్లు, డెమొక్రాట్లు అనే రెండు పెద్ద పార్టీలు ఒక్కటై సైడెల్‌ను ఓడించాయి. అప్పుడతనికి వచ్చిన ఓట్లు 1910 కంటే ఎక్కువ. ఆ ఏడాదే సోషలిస్టు పార్టీ అధ్యక్ష అభ్యర్థి యూజీన్ డెబ్స్‌తో కలిసి అమెరికా ఉపాధ్యక్ష పదవికి నిలబడితే ఆ జంటకు తొమ్మిది లక్షల ఓట్లు పడ్డాయి.

ముప్పై ఏళ్ల కిందట నేనొక నేతకార్మిక నాయకుడి జీవితం రాశాను. మగ్గం గుంటలో కాళ్లు పెట్టి కూర్చొని, తెగిన పోగును అతను ఎలా అతుకుతాడో నాలుగు పేజీలు రాస్తే, ఒక వారపత్రిక సంపాదకుడు వాటిని కోసేసి జెండా ఎగరేసిన ఘట్టం మాత్రం ఉంచాడు. అచ్చయిన ప్రతిని మనవరాలి చేత చదివించుకొని ఆ పెద్దాయన "నా మగ్గమేదయ్యా?" అని అడిగాడు. నా దగ్గర జవాబు లేదు. కింది నుంచి పైకెక్కిన విజయగాథలే కావాలనే పత్రికల మోజు ఇప్పటికీ పోలేదు, ఆ మోజుకు నీవు లొంగకు.

దగ్గరలో ఫౌండ్రీ ఉంటే వెళ్లి, ఇసుకలోంచి ప్యాటర్న్ పైకి తీసే క్షణం దాకా నిలబడి చూడు. చూసి వచ్చాక మూడో పేరా నుంచి తిరిగి రాసి నాకు పంపు.