బైలదిల్లా సినిమా తీస్తున్న తమ్ముడికి

తమ్ముడూ, ఆశీస్సులు.

నువ్వు రాసి తీసిన నలభై నిమిషాల రఫ్ కట్ రెండుసార్లు చూశాను. ఛత్తీస్‌గఢ్‌లోని ఆ ఇనుప ఖనిజం కొండల పేరు, బైలదిల్లా, అంటే ఎద్దు మూపురం కదా, నీ డ్రోన్ షాట్‌లో నిజంగానే ఎద్దు పడుకున్నట్టుంది. పచ్చటి అడవి మధ్యలో మెట్లు మెట్లుగా కోసిన ఎర్రటి కొండ. చాలా బాగుంది. నా భయమూ అదే. అంత ఎత్తునుంచి గాయం కూడా ముగ్గులా కనిపిస్తుంది. ఖనిజం మోసే డంపర్ లారీ బొమ్మ కారులా ఉంది, అందులో కూర్చున్న మనిషి అసలు కనపడడు.

ఇరవై రెండో నిమిషంలో, షిఫ్ట్ దిగిన ఆపరేటర్ కుళాయి కింద చేతులు కడుక్కుంటాడు. నీళ్లు ఎర్రగా పోతాయి. సబ్బు రుద్దాక నురగ కూడా గులాబీ రంగే. గోళ్ల మూలల్లో ఎరుపు అలాగే మిగిలింది. దాన్ని నాలుగు సెకన్లకే కట్ చేశావు, ఎందుకయ్యా? నీళ్లు తేటపడేదాకా ఉంచు. వెంటనే, గని మట్టితో అలాగే ఎర్రగా పారే శంఖిని వాగు చూపించు. ఒక్క మాటా అక్కర్లేదు.

వ్యాఖ్యానం సగం తీసెయ్, ముందుగా ఆ "భూమాత గర్భం" లాంటివి. చాలా ఏళ్ల కిందట కంకర క్వారీ మీద ఒక చిన్న సినిమాకి నేనూ ఇలాగే రాశాను. ఆ ఊళ్లోనే వేసి చూపిస్తే, అందులో రాళ్లు కొట్టే ఆవిడ "మా సుత్తి దెబ్బ వినపడట్లేదేంటి బాబూ" అంది. దెబ్బల మీద నా వాక్యాలు పరిచేశాను మరి. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

ఒక్క సంగతి మాత్రం నోటితో చెప్పాల్సిందే. యంత్రాలొచ్చి తమ పని పోతుందని ఎదురుతిరిగిన కూలీల మీద 1978 ఏప్రిల్‌లో, గని పక్కనున్న కిరండూల్ ఊళ్లో పోలీసులు కాల్పులు జరిపారు. మనుషులు చనిపోయారు. ఇది తెలియకపోతే, అంత పెద్ద గనిలో మనుషులు ఎందుకింత తక్కువగా కనిపిస్తారో చూసేవాళ్లకి ఎలా అర్థమవుతుంది? 2019లో, అక్కడే తాము దేవుడిగా కొలిచే నందరాజ్ కొండని తవ్వొద్దని ధర్నాకి కూర్చున్న ఆదివాసీల ఊళ్లకీ వెళ్లు. మొదటిసారి కెమెరా లేకుండా వెళ్లు.

చివరి భాగం విశాఖ రేవులో తియ్యి. అరకు వెళ్లే మనవాళ్లు రైలు కిటికీలోంచి లోయని వీడియో తీసుకుంటారు, ఎదురొచ్చే వ్యాగన్లలో ఏముందో పట్టించుకోరు. కేకే లైన్ (కొత్తవలస–కిరండూల్ రైలు మార్గం) మీద ఒక్క ఖనిజం రైలుని పట్టుకుని కొండనుంచి సముద్రందాకా రా. సొరంగాల చీకటి కట్ చెయ్యకు, పట్టాల చప్పుడు మీద సంగీతం వెయ్యకు.

ఎప్పుడు బయల్దేరతావో ఫోన్ చెయ్. ఈసారి కిరండూల్ ప్యాసింజర్‌లో నేనూ వస్తాను.

మీ అన్నయ్య