రింగు పిల్లలకు కాదు, ఇంటికి కొను

ఒంగోలు

చిరంజీవి సౌభాగ్యవతి అమ్మాయికి పెద్దమ్మ ఆశీర్వదించి వ్రాయునది.

పిల్లలిద్దరూ బడి నుంచి రాగానే సెల్‌ఫోను పట్టుకుని సోఫాలో కూర్చుండిపోతున్నారని, నడుముకు తిప్పే హులాహూప్ రింగు కొనిస్తే కొంచెమైనా కదులుతారేమోనని, ఎటువంటిది కొనాలో చెప్పమని మొన్న ఫోనులో అడిగావు. ఉద్యోగంలో ఉన్నంతకాలం ఈ జిల్లా ఉన్నత పాఠశాలల్లో వ్యాయామ ఉపాధ్యాయురాలిగా పిల్లలచేత రింగులు తిప్పించినదాన్ని కనుక, రెండు ముక్కల్లో చెప్పి ఊరుకోవడం ఇష్టంలేక ఉత్తరం రాస్తున్నాను. అల్లుడుగారికి, మీ అత్తగారు వదినగారికి కూడా దీన్ని చదివి వినిపించు, ఎందుకంటే ఇందులో వారికి కూడా పని ఉంది.

అన్నిటికంటే ముందుగా చెప్పవలసినది ఇది: రింగు పిల్లల కోసం కొనవద్దు, ఇంటి కోసం కొను. పిల్లల చేతికిచ్చి, మీరు తిప్పుకోండి అని పెద్దవాళ్లు టీవీ ముందు కూర్చుంటే, ఆ రింగు వారం తిరిగేసరికి మంచం కిందికి చేరుతుంది. ఈ ఆటకు ఆ స్వభావం మొదటినుంచీ ఉంది. ఆస్ట్రేలియాలో పిల్లలు వెదురు చక్రాలను నడుముకు తిప్పుతూ వ్యాయామం చేస్తున్నారని విని, అమెరికాలో వామ్-ఓ అనే ఆటవస్తువుల కంపెనీ 1958లో వాటిని ప్లాస్టిక్‌తో తయారుచేసి అమ్మితే, మొదటి 4 నెలల్లోనే సుమారు 2.5 కోట్ల రింగులు అమ్ముడయ్యాయని చెబుతారు. అయితే ఆ సంవత్సరం ముగిసేలోపే ఆ మోజు చాలావరకు చల్లారిపోయింది. వింత వస్తువుగా ఇంటికి వచ్చినది వింత తీరగానే మూలకు పోతుంది. సాయంత్రం అమ్మ, నాన్న, నాయనమ్మ అందరూ మిద్దె మీదికి వచ్చే వేళగా అది స్థిరపడితే మాత్రం పిల్లలు తమంతట తామే వచ్చి చెయ్యిపట్టి లాగుతారు. అయిదేళ్ల నుంచి పదిహేడేళ్ల వరకు వయసున్న పిల్లలు సగటున రోజుకు 60 నిమిషాలు ఒళ్లు వేడెక్కేటట్లు కదలాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది; పెద్దలకు వారానికి కనీసం 150 నిమిషాలు కావాలి. మీ ఇంట్లో ఎవరికీ ఆ లెక్క అందడం లేదని నీ మాటలనుబట్టి నాకు అర్థమయింది. కాబట్టి ఇది పిల్లల సమస్య మాత్రమే కాదు.

ఇక రింగు కొలత గురించి కొంచెం విపులంగా చెబుతాను, ఎందుకంటే రాలేదని విసిగి మానేసే పిల్లల్లో ఎక్కువమంది మానేసేది తమకు చేతకాక కాదు, రింగు సరిపడక. బజారులో ముక్కలు ముక్కలుగా విడదీసి కలుపుకొనే రంగురంగుల రింగులు దొరుకుతాయి. అవి చూడటానికి ముద్దుగా ఉంటాయి కాని, మరీ తేలికగా, చిన్నవిగా ఉండటంవల్ల నడుము చుట్టూ చాలా వేగంగా తిరగవలసి వస్తుంది. ఆ వేగానికి తగినట్లు కదలడం నేర్చుకొనేవారికి సాధ్యం కాదు. రింగు పెద్దదయినకొద్దీ ఒక చుట్టు తిరగడానికి ఎక్కువ సమయం పడుతుంది, ఆ వ్యవధిలో మన నడుముకు తరువాతి తోపు ఇవ్వడానికి వీలు దొరుకుతుంది. రింగును నేలమీద నిలువుగా నిలబెడితే దాని పై అంచు మనిషి బొడ్డుకు, రొమ్ముకు మధ్య ఎక్కడో ఒకచోటికి రావాలి. కొత్తగా నేర్చుకొనేవారికి రొమ్ము వైపుకు జరిగినా నష్టం లేదు, బొడ్డు కిందికి దిగకూడదు. ఈ లెక్కన మీ చిన్నదానికి 70 సెంటీమీటర్ల వ్యాసం, పెద్దవాడికి 80, నీకు 100 సుమారుగా సరిపోతాయి. పిల్లల రింగుతో నువ్వు ప్రయత్నించి, నావల్ల కాదని కూర్చోవద్దు.

కొనడంకంటే తయారుచేసుకోవడమే నా మనసుకు నచ్చిన పద్ధతి. నీటి మోటార్లకు వేసే నల్లటి పాలిథిన్ పైపు చుట్టలుగా అమ్ముతారు. చుట్టగా ఉండటంవల్ల దానికి వంపు ముందే ఉంటుంది. 20 మిల్లీమీటర్ల లావున్నది చాలు. కావలసిన వ్యాసాన్ని 3.14తో హెచ్చవేస్తే ఎంత పొడవు కోయాలో తెలుస్తుంది: 80 సెంటీమీటర్ల రింగుకు సుమారు 251 సెంటీమీటర్లు, 100 సెంటీమీటర్ల దానికి 314. పెద్దవాడు లెక్కల్లో చురుకైనవాడని మురిసిపోతూ ఉంటావు కదా, ఆ లెక్క వాడిచేత చేయించు. పైపు కొనలను వేడినీళ్లలో కాసేపు ముంచితే మెత్తబడతాయి. అప్పుడు లోపలికి దిగే జాయింటు ముక్కను రెండు వైపులా గట్టిగా దూర్చి, చల్లారాక దానిమీద గుడ్డ టేపు చుట్టాలి. వేడినీళ్ల పని అల్లుడుగారు చేయాలి, పిల్లలు దగ్గరికి రాకూడదు. రింగు అంతటా ఎడం ఎడంగా టేపు పట్టీలు వేస్తే అందం వస్తుంది, బట్టమీద జారకుండా పట్టు కూడా వస్తుంది. తాను చుట్టిన రింగును ఏ పిల్లా అంత తేలికగా పారేయదు.

తిప్పే పద్ధతి చెబుతాను. ఒక పాదం కొంచెం ముందుకు, ఒక పాదం వెనక్కు పెట్టి, మోకాళ్లను బిర్ర బిగించకుండా నిలబడాలి. రింగును రెండు చేతులతో పట్టుకుని వీపు కింది భాగానికి ఆనించి, నేలకు సమాంతరంగా ఉంచి, ఒక పక్కకు బలంగా విసరాలి. పిల్లలందరూ మొదట చేసేది తిరగలి తిప్పినట్లు నడుమును గుండ్రంగా తిప్పడం. అది వద్దు. గుండ్రంగా తిరగవలసినది రింగు. నడుము చేయవలసిన పని ముందుకూ వెనక్కూ తోయడమే. రింగు పొట్టను తాకినప్పుడు పొట్టతో ముందుకు తోయాలి, వీపును తాకినప్పుడు వీపుతో వెనక్కు తోయాలి. ముందూ వెనుకా కుదరని పిల్లలకు పాదాలు ఎడంగా పెట్టించి, కుడి ఎడమలకు తోయమని చెబితే కొందరికి వెంటనే వస్తుంది. రింగు కిందికి జారుతూ ఉంటే కంగారుపడి చేతులతో పట్టుకోకుండా, మోకాళ్లు కొంచెం వంచి తోపుల వేగం పెంచితే మళ్లీ పైకి వస్తుంది. ఎవరికి వారికి ఒక దిక్కు సులువుగా ఉంటుంది. ఆ దిక్కున పట్టు చిక్కాక రెండో దిక్కున కూడా తిప్పించాలి, లేకపోతే ఒళ్లు ఒక పక్కకే అలవాటుపడుతుంది.

దుస్తుల సంగతి చిన్నదే కాని మరిచిపోవద్దు. నూలు బనీను, ఒంటికి పట్టి ఉండే లాగు మంచివి. పట్టు, పాలియెస్టరు బట్టలమీద రింగు జారిపోతుంది, పరికిణీ కుచ్చెళ్లలో చిక్కుకుంటుంది. నువ్వు చీర వదిలి చుడీదారు వేసుకో, చున్నీ తీసి పక్కన పెట్టు.

చిన్నదానికి చాలాకాలం రాకపోవచ్చు. దానికి ఒక కారణం ఉంది, అది తెలిస్తే నీకు ఓపిక వస్తుంది. న్యూయార్క్ విశ్వవిద్యాలయ పరిశోధకులు రకరకాల ఆకారాలున్న మరబొమ్మలకు రింగులు తగిలించి తిప్పి చూసి, ఆ ఫలితాలు ప్రకటించారు. దేహం ఏ ఆకారంలో ఉన్నా రింగు తిరుగుతుంది కాని, అది జారిపోకుండా ఎత్తుమీద నిలవాలంటే వాలుగా ఉన్న తుంట్లు, లోపలికి వంపు తిరిగిన నడుము సాయపడతాయని తేలింది. అయిదేళ్ల పిల్ల ఒళ్లు పైనుంచి కిందివరకు ఇంచుమించు ఒకే తీరుగా ఉంటుంది కదా, దానికి రింగు నిలవకపోతే అది బద్ధకం కాదు. అన్నతో పోల్చి చూపవద్దు. ఎన్ని చుట్లు తిప్పారని పెద్దవాడి లెక్కనూ దాని లెక్కనూ పక్కపక్కన పెట్టనేవద్దు; ఆ పని జరిగిన ఇళ్లలో చిన్నవాళ్లు కడుపునొప్పి అని చెప్పి తప్పించుకోవడం చూశాను. దానికి ముందుగా చేతిమీద తిప్పడం నేర్పు, చేయి చాచి మణికట్టుకు పైన తిప్పితే త్వరగా వస్తుంది. మెడకు మాత్రం తిప్పనివ్వకు.

రింగును నడుముకు తిప్పడమే ఆట అనుకోకు. పిల్లలు ఎక్కువసేపు కదిలేది నిజానికి తక్కిన ఆటలతోనే. రింగులను నేలమీద వరుసగా పరిచి ఒంటికాలితో ఒకదానిలోనుంచి మరొకదానిలోకి గెంతించు. తొక్కుడుబిళ్ల ఆడిన నీకు వేరే చెప్పనక్కరలేదు. రింగును నిలువుగా పట్టుకుని ముందుకు విసురుతూ మణికట్టుతో దాన్ని తనవైపుకు తిరిగేటట్లు లాగి వదిలితే, అది కొంతదూరం జారి, ఆగి, దొర్లుకుంటూ వెనక్కు వస్తుంది. ఇది చూసిన పిల్లవాడు ఇక సెల్‌ఫోను అడగడు. వదినగారు మోకాళ్ల నొప్పితో గెంతలేరు కనుక ఆమెను కుర్చీలో కూర్చోబెట్టి రింగును నిలువుగా పట్టుకోమని చెబితే, పిల్లలు ఆమె చేతిలోని రింగులోనుంచి దూరి వెళ్తారు. ఆమె దాన్ని ఎత్తుతూ దించుతూ ఉంటే వాళ్లకు వంగడం, లేవడం, పాకడం అన్నీ జరుగుతాయి. అందరూ కలిసి ఆడేదానికి నాకు ఎంతో ఇష్టమైన ఆట ఒకటి ఉంది. ఇంటిల్లిపాదీ చేతులు పట్టుకుని గుండ్రంగా నిలబడండి, ఇద్దరి చేతుల మధ్య ఒక పెద్ద రింగు తగిలించండి, ఎవరూ పట్టుకున్న చేయి వదలకుండా ఆ రింగును తలమీదుగా, నడుముమీదుగా, కాళ్లకిందుగా దాటించుకుంటూ చుట్టూ తిప్పి మొదటికి తేవాలి. అల్లుడుగారి పొడవుకు ఆయన ఎక్కువ వంగవలసి వస్తుంది, పిల్లలు ఆయనకు దారి చెబుతారు. అందులో ఓడిపోయేవారు ఎవరూ ఉండరు.

మన ప్రాంతపు ఎండలు నీకు తెలియనివి కావు. వేసవిలో పొద్దున ఏడులోపు, లేకపోతే పొద్దుగూకే వేళ మాత్రమే ఆడించు. మిద్దె గచ్చు పగలంతా కాగి ఉంటుంది కనుక కాళ్లకు చెప్పులో బూట్లో ఉండాలి. పిట్టగోడ నడుమెత్తు లేని మిద్దె అయితే అసలు పైకి వెళ్లవద్దు, జారిన రింగు వెంట పిల్లలు వెనకాముందూ చూడకుండా పరుగెత్తుతారు. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా మీకు వానలు ఎక్కువ కనుక, ఆ రోజుల్లో హాల్లో టీపాయి జరిపి, మనిషికీ మనిషికీ మధ్య రెండు బారల ఎడం ఉంచి ఆడించు. సెలవునాడు మైపాడు సముద్రతీరానికి వెళ్తే రింగులు కూడా వెంట తీసుకుపో. నీళ్లకు దూరంగా, తడి ఇసుక గట్టిగా ఉన్నచోట ఆడుకోవచ్చు. అన్నం తిన్నాక కనీసం గంటన్నర ఆగాలి. ఆట అయ్యాక ఉప్పు వేసిన మజ్జిగ చాలు.

మొదటి రోజుల్లో పొట్టమీద, తుంటిమీద కొంచెం కమిలినట్లు ఎరుపు కనబడవచ్చు, అది తగ్గేదాకా విరామం ఇస్తే చాలు. బరువు కట్టిన రింగులు, పట్టీకి గుండు వేలాడే రింగులు అంగళ్లలో వస్తున్నాయి; అవి పిల్లలకు వద్దు. నీకు రెండో కాన్పు ఆపరేషనుతో అయింది, పైగా అప్పుడప్పుడు నడుము పట్టేస్తోందంటున్నావు, కనుక డాక్టరమ్మను ఒకసారి అడిగి మొదలుపెట్టు. ఎంత జోరుగా తిప్పాలన్నదానికి నా లెక్క సులువైనది: మాట్లాడగలగాలి, పాట పాడలేకపోవాలి. ఆ మాత్రం ఊపిరి వేగం ఉంటే గుండెకూ పని దొరికినట్లే. మొదట పది నిమిషాలు చాలు, వాళ్లు ఇంకా కావాలని అంటున్నప్పుడే ఆపెయ్యి.

ఒక మాట గట్టిగా చెబుతున్నాను, పెద్దమ్మ చాదస్తమని తీసిపారేయకు. చిన్నది బొద్దుగా ఉందని, రింగు తిప్పితే పొట్ట కరుగుతుందని దాని ఎదుట ఎవరూ అనకూడదు. పొట్ట చుట్టూ రింగు తిప్పినంతమాత్రాన పొట్ట దగ్గరి కొవ్వే ప్రత్యేకంగా కరగదు, ఏ వ్యాయామమూ అలా ఒకచోటే పనిచేయదు. ఎదిగే పిల్లకు కావలసినది కాళ్లలో బలం, నడుములో పట్టు, చేయీ కన్నూ కలిసి పనిచేసే నేర్పు, ఒళ్లు తన మాట వింటుందన్న ధైర్యం. తన ఒళ్లు తప్పుగా ఉందని విన్న పిల్ల నలుగురిలో ఆడటానికి జంకుతుంది. ఆ జంకు ఎన్నేళ్లయినా పోని ఆడపిల్లలను నేను బడుల్లో చూశాను. బంధువులు ఎవరైనా అలా అంటే మర్యాదగానే అయినా అక్కడికక్కడే ఆపు.

దసరా సెలవులకు మీరు వచ్చేటప్పటికి మనిషికొక రింగు చేసి ఉంచుదామనుకుంటున్నాను. ఇంట్లో ఒక్కొక్కరినీ గోడకు ఆనించి నిలబెట్టి, నేలనుంచి బొడ్డు ఎత్తు, రొమ్ము ఎత్తు సెంటీమీటర్లలో కొలిచి ఫోనులో చెప్పు. అల్లుడుగారి కొలత, వదినగారి కొలత కూడా పంపాలి. పిల్లలకు ఏ రంగు టేపు కావాలో వాళ్లనే అడిగి రాయించు.

ఆశీస్సులతో,
మీ పెద్దమ్మ