క్లోరిన్ ఎంత కలపాలి, ఎక్కడ పరీక్షించాలి?

ప్రశ్న: 2025లో సూడాన్‌లోని జంజం నిర్వాసితుల శిబిరంపై దాడులు జరిగాక లక్షల మంది తవీలా పట్టణానికి చేరారనీ, అక్కడ కలరా ప్రబలిందనీ చదివాను. అలాంటి చోట సహాయ సిబ్బంది నీళ్లు ఎలా శుద్ధి చేస్తారు? మన పంచాయతీ ట్యాంకులో బ్లీచింగ్ వేసినట్టేనా?
– ఒక పాఠకురాలు, ఏలూరు

జవాబు: పద్ధతి అదే, లెక్క మాత్రం రోజూ కొత్తగా వేసుకోవాలి. శిబిరాల్లో ఎక్కువగా వాడేది హెచ్‌టీహెచ్ పొడి, అంటే ఘాటెక్కువ ఉన్న కాల్షియం హైపోక్లోరైట్. అందులో క్లోరిన్ 65–70 శాతం ఉంటుంది. మన బ్లీచింగ్ పౌడర్‌లో తాజాగా ఉన్నప్పుడే 33 శాతం లోపు. లీటరు నీళ్లకు 15 గ్రాముల హెచ్‌టీహెచ్ వేస్తే ఒక శాతం ద్రావణం తయారవుతుంది. ముందు నీళ్లు పోసి, తర్వాతే పొడి వేయాలి. క్లోరిన్ లోహాన్ని తినేస్తుంది కాబట్టి ప్లాస్టిక్ బకెట్టే వాడాలి. మడ్డి అడుక్కి దిగాక పైన తేరిన నీళ్లు తీసుకోవాలి.

ఆ రోజు వచ్చిన నీళ్లనే నాలుగు 20 లీటర్ల బకెట్లలో నింపి, సిరంజితో వరసగా 1, 1.5, 2, 2.5 మి.లీ. ద్రావణం కలుపుతారు. అరగంట ఆగి, కొద్ది నీళ్లలో డీపీడీ మాత్ర (క్లోరిన్ ఉంటే నీళ్లను గులాబీ రంగుకు మార్చే పరీక్ష మాత్ర) వేసి రంగు ఎంత తేలిందో చూస్తారు. మామూలుగా లీటరుకు 0.5 మి.గ్రా. క్లోరిన్ మిగిలితే చాలు. కలరా ఉంటే కుళాయి దగ్గర 1 మి.గ్రా. ఉండాలి. ఏ బకెట్లోనూ అంత మిగలకపోతే మోతాదు పెంచి మళ్లీ చూడాల్సిందే. 2 మి.లీ. బకెట్ సరిపోతే 10,000 లీటర్ల ట్యాంకుకు ఒక లీటరు ద్రావణం పడుతుంది.

ఎక్కువగా దెబ్బతినేది రెండు చోట్ల. బురద నీళ్లలో పోసిన క్లోరిన్ మట్టికే ఖర్చయిపోతుంది; ముందు పటికతో నీళ్లు తేర్చుకోవాలి. రెండోది, నిన్నటి మోతాదే ఇవాళా వేయడం. చెక్‌పోస్టు మూసేస్తే ట్యాంకరు ఇంకో బావి నుంచి నింపుకొస్తుంది. బావి మారితే లెక్కా మారుతుంది.

ట్యాంకు దగ్గర పరీక్షించి వెళ్లిపోతే పని సగమే అయినట్టు. ఎండకీ, మురికి క్యాన్లకీ కొన్ని గంటల్లోనే క్లోరిన్ తగ్గిపోతుంది. గుడారాల్లోకి వెళ్లి, తాగడానికి పెట్టుకున్న నీళ్లలో కనీసం 0.2 మి.గ్రా. ఉందో లేదో చూడాలి.

ప్రశ్న: వాసన వస్తోందని జనం తాగకపోతే?
– ఒక పాఠకుడు, కరీంనగర్

జవాబు: అప్పుడు వాగు నీళ్లకో, మూతలేని బావికో పోతారు. అందుకే ఎక్కువ వేస్తే మంచిదనుకోకూడదు. కుళాయి దగ్గర అరగంటకు మించి నిలబడాల్సి వచ్చినా అంతే. మనిషికి రోజుకు 15 లీటర్లు, 250 మందికి ఒక కుళాయి అన్న ప్రమాణం ఉన్నది ఇందుకే. అయినా బావికి వెళ్లేవాళ్లుంటే, ఒక మనిషి గట్టు మీదే ఉండి, నింపిన ప్రతి క్యానులోనూ సిరంజితో ద్రావణం వేస్తాడు. అరగంట ఆగి తాగమని ప్రతి ఒక్కరికీ చెప్పి పంపాలి.