సెకండ్ హ్యాండ్ క్వెస్ట్‌లో అరవై గేమ్స్ "లోడ్" చేయించుకోవచ్చా?

తమ్ముడూ, నువ్వు అడిగింది ఇదీ: ధర్మవరంలో ఒకతని దగ్గర సెకండ్ హ్యాండ్ క్వెస్ట్ 2 (మెటా కంపెనీ వీఆర్ హెడ్‌సెట్, కళ్లకు పెట్టుకుని ఆడేది) తీసుకున్నావు, ఇంకో 1,500 ఇస్తే అరవై గేమ్స్ లోడ్ చేసి ఇస్తానంటున్నాడు, ఒక్కొక్కటీ కొనాలంటే నీ వల్ల కాదు, వేయించుకుంటే ఏమవుతుంది, తక్కువలో అయ్యే దారి ఇంకేదైనా ఉందా అని. నా మాటైతే వేయించుకోవద్దు. ఆ 1,500 జేబులోనే పెట్టుకో, దాంతో ఏం చేయొచ్చో కింద రాస్తాను. నేను అనంతపురంలో కంప్యూటర్ సర్వీసింగ్ చేస్తాను, కమలానగర్ వైపు మా షాపు, వచ్చేవాళ్లలో ఇంజనీరింగ్, డిగ్రీ పిల్లలే ఎక్కువ, కాబట్టి ఈ క్రాక్ గేమ్స్ (కొనకుండా ఆడేలా తాళం పగలగొట్టిన దొంగ కాపీలు) తర్వాత జరిగే కథ నా టేబుల్ మీదికే వస్తుంటుంది. వీఆర్ హెడ్‌సెట్ నాకూ ఉంది, మా అక్క కొడుకూ నేనూ పోట్లాడుకుంటూ ఆడతాం.

ముందు అతని దగ్గర ఆ అరవై గేమ్స్ లిస్ట్ అడిగి తీసుకో. దాంట్లో హాఫ్-లైఫ్: అలిక్స్ ఉందా చూడు. ఉంటే అతను అబద్ధం చెప్తున్నాడని అక్కడే తేలిపోతుంది, ఎందుకంటే 2020లో వాల్వ్ అనే గేమ్ కంపెనీ తెచ్చిన ఆ గేమ్ పీసీ మీద నడిచేది, క్వెస్ట్‌లో నేరుగా వేసుకునే వెర్షన్ లేదు. బ్యాట్‌మన్: ఆర్కమ్ షాడో కూడా అంతే, అది క్వెస్ట్ 3, 3ఎస్ కోసం చేసింది, నీ క్వెస్ట్ 2లో ఆడదు. ఇలాంటి పేర్లు లిస్ట్‌లో ఉన్నాయంటే ఆ ఫైల్ లోపల ఏముందో అతనికీ తెలియదు, ఏదో టెలిగ్రామ్ గ్రూపులో పడింది తెచ్చి ఎక్కిస్తున్నాడంతే. కొన్నది వంకాయ, కొసరు గుమ్మడికాయ అన్నట్టుంది బేరం.

లోడ్ చేయడమంటే అసలేం చేస్తారో చెప్తాను, దాంట్లోనే సగం విషయం ఉంది. క్వెస్ట్ లోపల ఉండేది ఆండ్రాయిడ్ మీద కట్టిన సిస్టమే. స్టోర్‌లో లేనివి ఎక్కించాలంటే డెవలపర్ మోడ్ (యాప్‌లు తయారుచేసేవాళ్ల కోసం పెట్టిన సెట్టింగ్) ఆన్ చేయాలి, దానికి ఒక అకౌంట్ కావాలి, షాపువాళ్లు చాలాసార్లు తమ అకౌంట్‌తోనే ఆ పని కానిచ్చేస్తారు. అప్పుడు హెడ్‌సెట్‌లో మెయిన్ అకౌంట్ వాళ్లది, నువ్వు పక్కన చేరిన రెండో యూజర్‌వి. డబ్బులిచ్చి కొన్నది నువ్వు, ముఖ్యమైన సెట్టింగ్స్ మాత్రం వాళ్ల చేతిలో. పైగా కేబుల్ పెట్టినప్పుడు "ఈ కంప్యూటర్‌ను ఎప్పుడూ అనుమతించు" అని ఒక బాక్స్ వస్తుంది, దానికి టిక్ పెట్టి వదిలేస్తారు, ఆ తర్వాత అదే కంప్యూటర్‌కు తగిలిస్తే మళ్లీ నిన్ను అడిగేది లేదు.

ఇక గేమ్ ఫైల్ సంగతి. స్టోర్‌లో కొన్న గేమ్ తెరుచుకునేటప్పుడు ఈ అకౌంట్ దీన్ని కొన్నదా అని ఒక చెక్ చేసుకుంటుంది. క్రాక్ చేసేవాడు ఆ చెక్‌ను పీకేసి, ఫైల్‌ను మళ్లీ ప్యాక్ చేసి, తన సొంత సిగ్నేచర్ (ఫైల్ ఎవరు చేశారో చెప్పే డిజిటల్ సంతకం) వేస్తాడు. అంటే తెలియని మనిషి ఒకడు ఆ ఫైల్‌ను విప్పి మళ్లీ కుట్టాడన్నమాట, కుట్టేటప్పుడు లోపల ఇంకేమైనా పెట్టాడా అన్నది అతని మనసుకే తెలియాలి. ఇంకో బాధ ఏంటంటే సిగ్నేచర్ మారిపోయింది కాబట్టి రేపు నువ్వు మనసు మార్చుకుని అసలు గేమ్ కొన్నా అది దీని మీద అప్‌డేట్ అవ్వదు, తీసేసి కొత్తగా వేసుకోవాలి, అప్పటిదాకా ఆడి సేవ్ చేసుకున్నదంతా మామూలుగా దాంతోనే పోతుంది.

నా దగ్గరికి ఒక పిల్లాడు ఇలా లోడ్ చేయించిన హెడ్‌సెట్ తెచ్చాడు, మైక్ పనిచేయట్లేదని. మైక్‌కు ఏమీ కాలేదు కానీ, ఏ యాప్‌కు ఏ పర్మిషన్ ఉందో చూద్దామని తెరిస్తే ఒక మినీ గోల్ఫ్ గేమ్‌కు మైక్, స్టోరేజ్ రెండూ ఇచ్చి ఉన్నాయి, దాని పక్కనే పేరు కూడా సరిగా లేని ఇంకో యాప్, ఐకాన్ ఉండాల్సిన చోట బూడిద రంగు డబ్బా. అది దేనికని అడిగితే వాడికి తెలియదు, లోడ్ చేసినతన్ని ఫోన్‌లో అడిగితే "గేమ్స్‌తో పాటు వస్తుందిలే, తీయొద్దు" అన్నాడట. నేను మొత్తం రీసెట్ కొట్టి ఇచ్చాను, మైక్ కూడా అప్పుడే సరైంది.

ఫోన్‌లో తెలియని యాప్ పడితే ఎంత టెన్షన్ పడతామో హెడ్‌సెట్‌లో పడినా అంతే పడాలి, నన్నడిగితే ఇంకొంచెం ఎక్కువే. దాని చుట్టూ కెమెరాలున్నాయి, నీ గదిలో నువ్వు ఎక్కడున్నావో చూసుకోవడానికే అవి. మైక్ ఉంది. గది హద్దులు గుర్తుపెట్టుకుంటుంది. 2024లో యూనివర్సిటీ ఆఫ్ చికాగో పరిశోధకులు ఒక దాడిని చేసి చూపించారు: డెవలపర్ మోడ్ ఆన్‌లో ఉన్న క్వెస్ట్, దాడి చేసేవాడు ఒకే వైఫైలో ఉంటే, హోమ్ స్క్రీన్‌ను పోలిన నకిలీ పొరను మధ్యలో దూర్చి, మనిషి లోపల చూసేదీ టైప్ చేసేదీ వాడు పట్టుకోవచ్చు. పరీక్షలో పాల్గొన్నవాళ్లలో చాలామంది అసలు గమనించనే లేదట, తేడా గమనించినవాళ్లు కూడా దాదాపు అందరూ ఏదో చిన్న గ్లిచ్ అనుకున్నారట. హాస్టల్ వైఫైలో ఆడేవాళ్లు ఈ ముక్క గుర్తుంచుకోండి. డెవలపర్ మోడ్ పని అయిపోగానే ఆఫ్ చేయడం మంచిది.

పీసీ వీఆర్ (గేమ్ కంప్యూటర్‌లో నడుస్తూ హెడ్‌సెట్‌లో కనబడేది) అయితే నష్టం ఇంకా తొందరగా తెలుస్తుంది. క్రాక్ వేసుకునే ముందు "యాంటీవైరస్ ఆఫ్ చేయండి" అని ఒక టెక్స్ట్ ఫైల్ ఉంటుంది చూడు, దాని మాట విని ఆఫ్ చేసిన లాప్‌టాప్‌లు నాకు బాగా అలవాటు. ఒకదాని కథ చెప్తాను. ఏ ప్రోగ్రామూ తెరవలేదు, అయినా ఫ్యాన్ మిక్సీ వేసినట్టు మోత. ఏం తింటోందో చూద్దామని టాస్క్ మేనేజర్ తెరవగానే ఫ్యాన్ నెమ్మదించింది, ప్రాసెసర్ వాడకం కిందికి దిగింది. మూసేశాను, కాసేపటికి మళ్లీ మోత. మళ్లీ తెరిచాను, మళ్లీ సైలెంట్. నీ కంప్యూటర్‌ను వాడుకుని వేరేవాడికి దొంగతనంగా క్రిప్టో మైనింగ్ (డిజిటల్ కరెన్సీ సంపాదించడం) చేసే ప్రోగ్రాముల్లో కొన్ని ఇలాగే చేస్తాయి, టాస్క్ మేనేజర్ కనబడగానే ఏమీ ఎరగనట్టు ఆగిపోతాయి. మామూలు గేమ్‌లో దీనివల్ల కాస్త స్లో అవుతుంది, సర్దుకుంటాం. వీఆర్‌లో అలా కాదు. నీ క్వెస్ట్ 2 సెకనుకు 72 లేదా 90 సార్లు బొమ్మ మార్చి చూపించాలి, తల తిప్పినప్పుడు బొమ్మ వెనకబడితే కడుపులో తిప్పేస్తుంది. ఆ లాప్‌టాప్ కుర్రాడు "నాకు వీఆర్ పడదన్నా" అని హెడ్‌సెట్ అమ్మేయడానికి సిద్ధపడ్డాడు, విండోస్ కొత్తగా వేసి ఇచ్చాక వాడికి వీఆర్ చక్కగా పడింది.

మైనర్ అంటే కరెంటు, ఫ్యాన్ వరకే. అసలు భయపడాల్సింది బ్రౌజర్‌లో సేవ్ చేసిన పాస్‌వర్డ్‌లు, లాగిన్ కుకీలు (నువ్వు లాగిన్ అయి ఉన్నావని బ్రౌజర్ గుర్తుపెట్టుకునే ఫైళ్లు) పట్టుకుపోయే రకానికి. కుకీ దొరికితే వాడికి పాస్‌వర్డ్, ఓటీపీ అక్కర్లేకుండానే నీ జీమెయిల్, ఇన్‌స్టా తెరుచుకోవచ్చు. రెడ్‌లైన్ అని ఈ జాతిలో పేరుమోసినది ఒకటుంది, 2024 అక్టోబర్‌లో నెదర్లాండ్స్ పోలీసులు, అమెరికా ఎఫ్‌బీఐ, ఇంకొన్ని దేశాలవాళ్లు కలిసి దాని సర్వర్లను మూయించారు. అది పోతే ఇంకోటి వచ్చింది, ఆ వ్యాపారం ఆగదు. ఇలా డబ్బు పోయిందని తెలిసిన వెంటనే సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చెయ్యి, ఎంత త్వరగా చేస్తే అంత మేలు. కొన్న చోట మాత్రం ఏమీ జరగదా అంటావేమో, జరుగుతుంది, 2025 ఫిబ్రవరిలో వాల్వ్ నడిపే పీసీ గేమ్స్ స్టోర్ స్టీమ్‌లోనే పైరేట్‌ఫై అనే ఉచిత గేమ్‌లో ఇలాంటి దొంగ ప్రోగ్రామ్ బయటపడింది. తేడా ఎక్కడంటే వాల్వ్ దాన్ని తీసేసి, ఆడినవాళ్లకు మెసేజ్ పెట్టి హెచ్చరించింది. నీకు లోడ్ చేసినతను అలా ఫోన్ చేసి చెప్తాడా?

చట్టం గురించి ఊరికే బెదిరించను. ఇంట్లో గేమ్ ఆడావని పోలీసులు తలుపు కొట్టిన కేసు నేను చూడలేదు. కానీ కాపీరైట్ చట్టం, 1957లో 63బీ సెక్షన్ ఉంది: దొంగ కాపీ అని తెలిసీ కంప్యూటర్ ప్రోగ్రామ్ వాడితే 7 రోజుల నుంచి మూడేళ్ల జైలు, 50,000 నుంచి 2 లక్షల దాకా జరిమానా. లాభం కోసం కాకుండా వాడితే జైలు లేకుండా 50,000 లోపు జరిమానాతో వదిలే వీలు కోర్టుకు ఉంది. డబ్బులు తీసుకుని అరవై గేమ్స్ ఎక్కించేవాడికి మాత్రం ఆ సడలింపు దొరకదు.

ఇంతా చేసి ఆ అరవైలో ఆడేవి ఎన్ని? వీఆర్‌లో మజా ఉన్నదంతా ఆన్‌లైన్‌లో పక్కన ఇంకో మనిషి ఉన్నప్పుడే, క్రాక్ కాపీలు సర్వర్‌కు కనెక్ట్ కావడంలోనే దెబ్బ తింటాయి. దొంగ కాపీల వల్ల అకౌంట్ సస్పెండ్ అయితే డబ్బు పెట్టి కొన్నవి కూడా దాంతో పాటు పోతాయి.

ఇప్పుడు నీ 1,500 సంగతి. మొదటి నెల రూపాయి కూడా ఖర్చు పెట్టొద్దు. గొరిల్లా ట్యాగ్ ఉచితం, చేతులతో నేలను తోసుకుంటూ పరిగెత్తి ముట్టుకునే ఆట, మన దొంగాటే. భుజాలు పట్టేస్తాయి, గది సగం ఖాళీ చేసుకుని ఆడు, సీలింగ్ ఫ్యాన్ కిందికి ఉంటే అస్సలు వద్దు. దాంట్లో చిన్నపిల్లలు ఎక్కువ, నోళ్లు మంచివి కావు, ఇంట్లో తమ్ముళ్లు ఆడితే మైక్ మ్యూట్ చేసి ఇవ్వు. తుపాకీల ఆట కావాలంటే పాపులేషన్: వన్, ఒకప్పుడు డబ్బులకు అమ్మేవాళ్లు, 2023 నుంచి ఉచితం. కబుర్లకు వీఆర్‌చాట్. బొమ్మలు గీయడానికి ఓపెన్ బ్రష్, గూగుల్ 2021లో తన టిల్ట్ బ్రష్ కోడ్‌ను బయటికి ఇచ్చేస్తే దాని మీద కొందరు కట్టి ఊరికే ఇస్తున్నారు. బీట్ సేబర్ క్వెస్ట్‌లో దాదాపు 30 డాలర్లు, అంత పెట్టే ముందు క్వెస్ట్ బ్రౌజర్‌లో మూన్‌రైడర్ అని వెతుకు, ఇన్‌స్టాల్ కూడా అక్కర్లేదు, పాటకు తగ్గట్టు డబ్బాలు నరకడం అక్కడే చేయొచ్చు. గ్రాఫిక్స్ అంత ఉండవు, చెమట మాత్రం అంతే పడుతుంది. క్రికెట్ పిచ్చి ఉంటే మన హైదరాబాద్ కంపెనీ ప్రొయుగా చేసిన ఐబీ క్రికెట్ చూడు.

సైడ్‌లోడ్ (స్టోర్ బయటి యాప్‌లు ఎక్కించడం) చేయడమే తప్పని అనుకోకు. సైడ్‌క్వెస్ట్ అనే సైట్‌లో డెవలపర్లు తామే పెట్టిన ఉచిత గేమ్స్, డెమోలు బోలెడున్నాయి, గొరిల్లా ట్యాగ్‌కు మొదట్లో పేరొచ్చింది కూడా అక్కడే. స్టీమ్‌లో పాత హాఫ్-లైఫ్ సేల్‌లో చవగ్గా తీసుకుని, లాంబ్డా1వీఆర్ అనే ఉచిత యాప్‌తో దాన్ని హెడ్‌సెట్‌లోనే ఆడొచ్చు, ఆట ఫైళ్లు నువ్వు కొన్నవే కాబట్టి అందులో దొంగతనం లేదు.

కొనాలనిపించినప్పుడు ఒక్కటే కొను, రోజూ ఆడతావనుకున్నది. మెటా స్టోర్‌లో 14 రోజుల లోపు, రెండు గంటలకన్నా తక్కువ ఆడి ఉంటే డబ్బు వెనక్కి అడగొచ్చు, స్టీమ్‌లోనూ అదే లెక్క. తల తిరిగే గేమా కాదా అనేది అరగంటలో తెలిసిపోతుంది, అందుకని కొన్న రోజే ఆడి చూడు, వారం వాయిదా వేస్తే ఆ సంగతే మర్చిపోతాం. స్టీమ్‌లో ధరలు రూపాయల్లో ఉంటాయి, నచ్చినవి విష్‌లిస్ట్‌లో పెడితే ధర తగ్గినప్పుడు మెయిల్ వస్తుంది, జూన్ చివర, డిసెంబర్ చివర పెద్ద సేల్స్. అలిక్స్ సగం ధరకన్నా తక్కువకు దొరికేది ఇలాంటి సేల్స్‌లోనే. దానికి పీసీలో మంచి గ్రాఫిక్స్ కార్డు ఉండాలి, హెడ్‌సెట్‌లో ఉచిత స్టీమ్ లింక్ యాప్ వేసుకుంటే కేబుల్ కూడా అక్కర్లేదు, 5 గిగాహెర్ట్జ్ వైఫై ఉంటే చాలు. మీ అన్నదమ్ములు ఇంట్లో ఒకే హెడ్‌సెట్ వాడితే మెయిన్ అకౌంట్‌లో యాప్ షేరింగ్ ఆన్ చెయ్యి, ఆ అకౌంట్‌లో కొన్నది అందరూ ఆడొచ్చు. నెలనెలా డబ్బు కట్టి కొన్ని గేమ్స్ ఆడుకునే మెటా వాళ్ల హొరైజన్ ప్లస్ నీ అకౌంట్‌లో కనిపిస్తే, సెలవుల్లో ఒక్క నెల కట్టి ఆపేసెయ్. ఆపగానే ఆ గేమ్స్ కూడా ఆగుతాయి, అది తెలిసే కట్టు. డాలర్ పేమెంట్‌కు కార్డు ఒప్పుకోకపోతే కార్డు పాడైందని బ్యాంకుకు పరిగెత్తకు, బ్యాంకు యాప్‌లో ఇంటర్నేషనల్ ఆన్‌లైన్ ఆఫ్‌లో ఉంటుంది, ఆన్ చేసి లిమిట్ రెండు మూడు వేలకు పెట్టుకుని, పని అయ్యాక ఆఫ్ చెయ్యి.

అన్నిటికన్నా ముందు చేయాల్సింది ఒకటుంది. అమ్మినతని ముందే హెడ్‌సెట్ ఫ్యాక్టరీ రీసెట్ చెయ్యి: ఆఫ్ చేసి, పవర్ బటన్, వాల్యూమ్ తగ్గించే బటన్ కలిపి నొక్కి పట్టుకుంటే ఒక మెనూ వస్తుంది, దాంట్లో ఉంది. తర్వాత నీ సొంత అకౌంట్‌తో మొదటి నుంచి సెటప్ చేసుకో. రీసెట్ వద్దని అతను సాగదీస్తే అతనికి ఇంకా ఇవ్వాల్సిన డబ్బులేమైనా ఉంటే అక్కడే ఆపు. పీసీ వీఆర్ ఆలోచన ఉంటే నీ లాప్‌టాప్‌లో గ్రాఫిక్స్ కార్డు ఏదో, ర్యామ్ ఎంతో కింద రాయి, ఏవి నడుస్తాయో చెప్తాను.