మళ్లీ ఒకసారి చేయమని అడగకు

తమ్ముడూ,

రన్నర్ల రోజువారీ జీవితం మీద డాక్యుమెంటరీ తీస్తున్నానని రాశావు, చాలా సంతోషమేసింది. అన్నిటికంటే ముందు ఒక్క మాట విను. షాట్ మిస్సయితే "మళ్లీ ఒకసారి చేస్తారా" అని అడగొద్దు. మామూలు మనిషైతే ఇబ్బంది పడతాడు, కానీ క్రీడాకారులకు చెప్పింది చెప్పినట్టు వందసార్లు చేయడం చిన్నప్పటి నుంచీ అలవాటు, అడగ్గానే చక్కగా చేసేస్తారు, ఇక ఆ క్షణం నుంచి నువ్వు వాళ్లకు ఇంకో కోచ్‌వి. తర్వాత షూ లేసు కట్టుకున్నా నీకోసమే కట్టుకుంటారు. పోయిన షాట్‌ని పోనీ.

కోచ్ స్టాప్‌వాచ్ చూసి టైము చెప్పగానే చాలామంది రికార్డింగ్ ఆపేస్తారు. నువ్వు ఆపకు. ఆ టైము విన్నాక పరిగెత్తొచ్చిన అమ్మాయి ఒక షూ విప్పి, రెండోది విప్పకుండా అలాగే పది నిమిషాలు కూర్చుండిపోవచ్చు, నీ సినిమాకి కావాల్సింది అదే. మైకు కోచ్‌కి పెట్టు, పరిగెత్తేవాళ్లకు పెడితే చెమటా బట్టల రాపిడీ తప్ప ఏమీ వినపడదు.

పోటీ రోజు గురించి టెన్షన్ పడకు. పెద్ద పోటీల ఫుటేజీ హక్కులు ప్రసార సంస్థల దగ్గరుంటాయి, కొనబోతే బడ్జెట్ అంతా అక్కడే అయిపోతుంది. నీకు మిగిలేది ఇల్లు, మధ్యాహ్నపు నిద్ర, ఫిజియో బల్ల. డోపింగ్ పరీక్షల ప్రత్యేక జాబితాలో ఉన్నవాళ్లయితే రోజూ ఏదో ఒక 60 నిమిషాలు ఫలానా చోట ఉంటామని ముందే రాసివ్వాలి, 12 నెలల్లో మూడుసార్లు పరీక్షకు వచ్చిన అధికారికి దొరక్కపోతే ఉల్లంఘన కిందే లెక్క. ఇంట్లోనే ఉంటాం కదా అని చాలామంది ఆ గంట తెల్లవారుజామున పెట్టుకుంటారు. శాంపిల్ తీసుకునేటప్పుడు చిత్రీకరణ కుదరదు, అధికారి రాగానే కెమెరా పక్కన పెట్టెయ్. ఆయన వెళ్లాక వాళ్లు మళ్లీ పడుకుంటారా, ఎలాగూ మెలకువ వచ్చిందని ప్రాక్టీసుకు బయల్దేరతారా, అది మాత్రం నీది.

ఇద్దరు బాస్కెట్‌బాల్ కుర్రాళ్ల మీద తీసిన అమెరికన్ డాక్యుమెంటరీ 'హూప్ డ్రీమ్స్' అరగంట సినిమాగా మొదలై, ఐదేళ్ల షూటింగ్‌తో 250 గంటల ఫుటేజీ అయి, 1994లో బయటికొచ్చింది. అన్నేళ్లలో మోకాలి గాయం కూడా కథలోకి వచ్చింది. నీ కథలోకీ ఏదో ఒక గాయం వస్తుంది. అందుకే గాయమైన రోజు కెమెరా ఉండాలా వద్దా అన్నది గాయం కాకముందే వాళ్లతో మాట్లాడుకో, నొప్పితో ఉన్న మనిషిని అనుమతి అడగడం నాకస్సలు నచ్చదు. 18 ఏళ్లలోపు పిల్లలైతే తల్లిదండ్రుల సంతకం తీసుకుంటావు సరే, ఆ పిల్లల్ని కూడా విడిగా అడుగు, ఇంట్లోవాళ్ల ముందు వాళ్లు వద్దని చెప్పలేరు.

ఈ వారం మాత్రం కెమెరా తీసుకెళ్లకుండా వెళ్లి కూర్చో. ఎవరు ఎప్పుడు తింటారో, ఎప్పుడు ఒంటరిగా ఉంటారో, ఎవరితో మాట్లాడటం మానేశారో రాసుకుని నాకు పంపు, చూసి ఫోన్ చేస్తాను.